గంజి ఎక్కడ ఆరబెడతావు తల్లీ?

కల్పిత సముద్రలోకాలన్నిటికీ ఉమ్మడి ఆడపడుచువైన మహా నేతగత్తెకు,

నమస్కారం. ఎవరు కొత్తగా సముద్రలోకాన్ని కల్పించినా అందులో నువ్వు ఉండి తీరతావు. మ్యాపులో దీవులు గీయడం పూర్తికాకముందే పురాణంలో నీ అధ్యాయం సిద్ధం. అలలు నేసింది నువ్వే. ఆటుపోట్లు వచ్చేది నువ్వు నాడె (మగ్గంలో అడ్డపోగును మోసుకెళ్లే పనిముట్టు) అటూ ఇటూ విసరడం వల్లే. మునిగిపోయిన రాజ్యం మీది పొగమంచు నీ పాత చీర. కథలో ఎక్కడ చిల్లు పడినా రచయిత ఆసులో కండెలా నీ చుట్టూ తిరుగుతాడు. "అంతా ఆవిడ నేతలోనే ఉంది" అనేస్తే ఇక ఎవరూ ప్రశ్న అడగరు కదా.

నేను అడుగుతాను. పడుగుకి, అంటే మగ్గం మీద సాగదీసే నిలువు పోగులకి, పెట్టిన గంజి ఎక్కడ ఆరబెడతావు? గంజి పట్టించి ఆరబెట్టని నూలు పోగులు రాపిడికి పీచు లేచి పుటుక్కున తెగుతాయి. నువ్వేమో నడి సముద్రంలో, నీళ్ల అడుగున కూర్చున్నావు. పెట్టిన గంజి పెట్టినట్టే చేపల పాలు. పోనీ, గంజి అక్కర్లేని మాయదారం అనుకుందాం. మరి నాడె? నీటి సాంద్రత గాలి కంటే దాదాపు 800 రెట్లు. ఈ చేత్తో విసిరిన నాడె ఆ అంచుకి చేరేలోపు యుగం మారిపోతుంది. (నీ పురాణాల్లో యుగాలు అంత పొడుగు అందుకేనేమో.) గ్రీకు కవి హోమర్ గుడ్డివాడని చెప్పుకుంటారు గానీ ఈ ఇబ్బంది ఆయనకి బాగానే కనబడింది. తన కావ్యం ఒడిస్సీలో జలదేవతలు సముద్రపు ఊదారంగు బట్టలు నేసే రాతి మగ్గాలను ఒడ్డున, గుహలో పెట్టాడు.

సరే, దేవతవి, నీళ్ల సంగతి వదిలేస్తాను. నా అసలు గొడవ నూలు గురించి. ఎవరు వడికారు?

చేత్తో వడికే కాలంలో ఒక్క మగ్గానికి సరిపడా నూలు అందించాలంటే చాలామంది కూర్చుని వడకాల్సి వచ్చేది. 1733లో ఇంగ్లండులో జాన్ కే ఫ్లై షటిల్ (తాడు లాగితే పరుగెత్తే నాడె) కనిపెట్టాక నేత వేగం పెరిగింది, నూలుకి కటకట వచ్చింది. వడికే యంత్రాల కోసం వెతుకులాట ముదరడానికి అదొక కారణం. ఒక మామూలు నేతగాడి వేగానికే అంత కరువొస్తే, నువ్వు సముద్రమంత బట్ట నేశావే! ఆ నూలు వడికిన చేతులు ఎన్ని లక్షలు? పురాణంలో ఒక్కరికీ పేరు లేదు. గ్రీకులే నయం. వాళ్ల విధిదేవతల్లో క్లోతో వడుకుతుంది, లాకెసిస్ కొలుస్తుంది, అట్రోపోస్ కత్తిరిస్తుంది. మనిషికొక ఆయుష్షు దారం, ఆ దారం పనికే ముగ్గురు. మగ్గం దాకా పోనేలేదు.

ఒడిస్సీ కథానాయకుడి భార్య పెనెలొపీని చూడు. పెళ్లాడమని వెంటపడేవాళ్లకి "ఈ బట్ట నేయడం అయ్యాక" అని చెప్పింది. పగలు నేసి రాత్రి విప్పుతూ మూడేళ్లు నెట్టుకొచ్చింది. చివరికి ఇంట్లో పనిచేసే అమ్మాయే బయటపెట్టేసింది. నీ పక్కన చాడీలు చెప్పడానికైనా ఒక మనిషి ఉందా?

"మాది సముద్రపు పట్టు, వడకడాలూ గంజులూ మాకెందుకు" అంటావేమో. ఆ పట్టు నిజంగానే ఉంది తల్లీ. మధ్యధరా సముద్రంలో పిన్నా నోబిలిస్ అనే పెద్ద ఆల్చిప్ప అడుగున ఇసుకకి అతుక్కోవడానికి వదిలే పోగులు అవి. వాటినీ కడగాలి, దువ్వాలి, వడకాలి. ఇప్పటికి మిగిలిన పాత వస్తువుల్లో పేరున్నది 14వ శతాబ్దపు టోపీ ఒకటి. అది మగ్గం మీద నేసింది కూడా కాదు, సూదులతో అల్లింది. 2016 నుంచి ఆ ఆల్చిప్పలు పరాన్నజీవి సోకి గుంపులు గుంపులుగా చచ్చిపోతున్నాయి. మా లోకంలో ముడిసరుకు ఇలా అయిపోతుంది. నీ లోకంలో మాత్రం స్టాకు ఎప్పుడూ ఫుల్.

రంగు లెక్క కూడా అడగనా? 1909లో ఒక రసాయన శాస్త్రవేత్త 12,000 సముద్రపు నత్తల నుంచి తీసిన ఊదారంగు 1.4 గ్రాములు. నీ మహారాణి పడవకి కట్టిన ఊదా తెరచాప కోసం ఎన్ని నత్తలు పోయాయో రచయిత లెక్కేశాడా? ఆ చాప్టర్‌లో నత్తల ఊసే లేదు. వెన్నెల మాత్రం రెండు పేజీలుంది.

త్వరలో ఇంకెవరో ఇంకో సముద్రలోకం కల్పిస్తారు, నిన్ను పిలుస్తారు. వెళ్లు, నేను వద్దనను. కానీ మగ్గం ఎక్కే ముందే అడ్వాన్సు అడుగు. నీకు కాదు, ఆసు పోసేవాళ్లకి, కండెలు చుట్టేవాళ్లకి, రాట్నం దగ్గర నడుం పట్టేసినవాళ్లకి. "వాళ్లెవరు?" అని రచయిత అమాయకంగా మొహం పెడితే లేచి వచ్చేయ్. ఆ లోకంలో నాలుగు రోజులు అలలు లేకపోయినా పర్వాలేదు.

ఇట్లు,
నూలు లెక్క అడుగుతున్న ఒక పాఠకుడు