తలుపు చాలలేదు

మా పడగ్గదిలో బీరువా తలుపు తీస్తే లోపలివైపు 240 గళ్ళు కనిపిస్తాయి. నేనే గీశాను. వరసకి 12 చొప్పున 20 వరసలు, స్కేలు పెట్టి, పెన్సిల్‌తో. ఇంటి లోన్ చేతికొచ్చిన రోజు రాత్రి ఇంట్లోవాళ్ళు పడుకున్నాక మోకాళ్ళమీద కూర్చుని మరీ గీశాను, అంత ఉత్సాహం. నెలనెలా ఈఎంఐ కట్ అయినట్టు ఫోన్‌కి మెసేజ్ రాగానే వెళ్ళి ఎర్ర పెన్నుతో ఒక గడి కొట్టేస్తాను. "జైల్లో గోడమీద గీతలు గీసుకునేవాళ్ళు ఇలాగే ఉంటారేమో" అంది మా ఆవిడ మొదటి నెల్లోనే. నవ్వేసి ఊరుకున్నాను.

మూడేళ్ళు గడిచాయి. 36 గళ్ళు ఎర్రబడ్డాయి. 240లో 36 అంటే 15 శాతం, దీనికి క్యాలిక్యులేటర్ కూడా అక్కర్లేదు. ఆ సాయంత్రం నేను చేసిన పని తలుచుకుంటే ఇప్పటికీ చెవులు వేడెక్కుతాయి. మా ఆవిడనీ, ఏడో తరగతి చదివే మా అమ్మాయినీ హాల్లో కూర్చోబెట్టి, ఇంటి ప్లాన్ కాగితం నేలమీద పరిచి, ఈ ఇంట్లో 15 శాతం మన సొంతమైపోయిందని ప్రకటించాను. ప్రకటించి ఊరుకున్నానా, స్కేలుతో కొలిచి వంటిల్లూ బాత్రూమూ కలిపితే సుమారు 15 శాతం వస్తుందని, అంచేత ఆ రెండూ ఇవాళ్టినుంచి పూర్తిగా మనవేనని వాటి చుట్టూ స్కెచ్ పెన్నుతో గీత కూడా గీశాను.

"మరి నా గది నాన్నా?" అంది అమ్మాయి.

"ఇంకో రెండున్నరేళ్ళు ఓపిక పట్టమ్మా."

"అయితే అప్పటిదాకా నేను సర్దక్కర్లేదు కదా, మనది కాదుగా!"

సరిగ్గా ఆ నెల్లోనే ఆఫీసులో చిన్న బోనస్ వచ్చింది. మేం తీసుకున్న అప్పులో నూటికి ఒక వంతు ఉంటుంది, అంటే ఒక ఈఎంఐ కంటే కాస్త ఎక్కువ. దాన్ని అసలులో జమ కట్టేద్దామని బయల్దేరాను. ఆన్‌లైన్‌లో కట్టొచ్చు, కానీ ఇలాంటి పని మనిషి మొహం చూసి చేస్తేనే తృప్తి. అప్పిచ్చిన ఆఫీసులో టోకెన్ తీసుకుని, ముప్పావుగంట కూర్చుని, నా వంతు వచ్చాక కౌంటర్‌లో ఉన్న అమ్మాయికి లోన్ నంబరు చెప్పి, కాస్త గొంతు సవరించుకుని, "ఇంక 204 నెలలే ఉన్నాయి లెండి, వాటిని తగ్గించుకుందామని" అన్నాను.

ఆ అమ్మాయి స్క్రీన్ చూసింది. నన్ను చూసింది. మళ్ళీ స్క్రీన్ చూసింది.

"245 సార్. ఆ పైన చిల్లరగా ఒక చిన్న వాయిదా. మొత్తం 246."

"కాదమ్మా, మొత్తమే 240. అందులో 36 కట్టేశాను."

"అవును సార్, 36 కట్టారు. ఇంకా 246 ఉన్నాయి."

ఒక్క నిమిషం నాకు తీసివేతల మీదే నమ్మకం పోయింది. మెట్లు ఎక్కుతున్నామనుకుని మూడేళ్ళు నడిచాక, నువ్వు బయల్దేరిన చోటికంటే ఆరు మెట్లు కిందున్నావు నాయనా అంటే ఎలా ఉంటుంది? పక్క కౌంటర్ దగ్గర నిలబడ్డ పెద్దాయన నావైపు జాలిగా చూశాడు, ఆయనకి ఈ సంగతి ముందే తెలుసనుకుంటా.

"రేటు ఒక శాతం పెరిగింది కదా సార్, 9 నుంచి 10కి. మీకు లెటర్ కూడా పంపాం."

పంపారు. అబద్ధం ఎందుకాడాలి, అందింది కూడా. రెండు వారాల కిందట వచ్చిన కవరు తెరిస్తే పైనే ఉన్న వాక్యం "మీ నెలసరి వాయిదాలో ఎటువంటి మార్పూ లేదు" అని. అంతవరకు చదివి, హమ్మయ్య అనుకుని, "చూశావా, బయట రేట్లు పెరుగుతున్నా మనవాళ్ళు మనకి పెంచలేదు" అని మా ఆవిడకి గర్వంగా చెప్పి, కాగితం మడిచి లోపల పెట్టేశాను. కాలం గురించిన రెండో వాక్యం సరిగ్గా ఆ మడత కింద పడింది.

"మీకు నెలనెలా ఇబ్బంది కాకూడదని వాయిదా పెంచకుండా కాలం పెంచాం సార్" అంది ఆ అమ్మాయి. ఎంత మర్యాదగా చెప్పిందంటే థాంక్స్ చెప్పబోయాను. బోనస్ డబ్బు ఇంకో రోజు కడతానని చెప్పి, స్టేట్‌మెంట్ ప్రింట్ తీయించుకుని ఇంటికొచ్చాను.

రాత్రి డైనింగ్ టేబుల్ మీద ఆ కాగితాలు పరుచుకుని కూర్చున్నాం. లెక్క సులువుగా ఉంటుందని అప్పు 100 అనుకున్నాం. ఏడాదికి 9 శాతం అంటే మొదటి నెల వడ్డీ 0.75. మా వాయిదా 0.90. అంటే అసలులోకి వెళ్ళింది 0.15. కట్టిన డబ్బుని ఆరు భాగాలు చేస్తే అయిదు వడ్డీకి, ఒకటి ఇంటికి. వడ్డీ దర్జాగా లోపలికొచ్చి కుర్చీ వేసుక్కూర్చుంటుంది, అసలు మాత్రం చెప్పులు పట్టుకుని గుమ్మం దగ్గర నిలబడుతుంది. మొదటి ఏడాది మొత్తం 10.80 కడితే అప్పు తగ్గింది 1.87. మూడేళ్ళలో 32 పైన కట్టాం, తీరింది 6.16.

"అంటే 15 శాతం కాదన్నమాట" అంది మా ఆవిడ, ప్లాన్ కాగితం మళ్ళీ తీస్తూ. నేను ఏమీ అనకముందే స్కేలు పెట్టి 6 శాతం కొలిచింది. వంటిల్లు పోయింది. బాత్రూమూ, దాని బయట కాళ్ళు తుడుచుకునే పట్టా మిగిలాయి.

"పట్టా మనమే కొన్నాం, అది లెక్కలోకి రాదు" అంది అమ్మాయి.

అసలు కన్నా వడ్డీ ముద్దు అని మనవల గురించి అంటుంటారు కదా, ఆ మాట మొదట అన్నది తాతగారు కాదని, ఎవరో అప్పిచ్చినాయనేనని ఆ రాత్రి నాకు గట్టిగా అనిపించింది.

దీంట్లో మోసం ఏమీ లేదు, అదే బాధ. ఎవరైనా ఉంటే వాళ్ళని తిట్టుకునైనా పడుకునేవాణ్ణి. వడ్డీ ఎప్పుడూ మిగిలిన బాకీ మీదే పడుతుంది, మొదట్లో బాకీ కొండంత ఉంటుంది కాబట్టి వడ్డీ కూడా అంతే ఉంటుంది. 9 శాతం రేటుకి 20 ఏళ్ళ అప్పులో, రేటు కదలకుండా ఉన్నా సరే, వాయిదాలో అసలు భాగం వడ్డీ భాగాన్ని దాటేది 13వ ఏట. బాకీ సగానికి వచ్చేది 14 ఏళ్ళకి. మార్ట్‌గేజ్ అన్న మాట పాత ఫ్రెంచి నుంచి వచ్చింది, దాని అర్థం చచ్చిన తాకట్టు. ఈ వాయిదాల పట్టికని అమార్టైజేషన్ షెడ్యూల్ అంటారు, అందులోనూ ఆ చావే ఉంది, అప్పుని కొంచెం కొంచెంగా చంపడం అని. ఎవరు ఎవర్ని చంపుతున్నారన్నది మాత్రం మొదటి పన్నెండేళ్ళు తేలదు.

ఇక్కడ ఒక పాత సంగతి ఒప్పుకోవాలి. లోన్ తీసుకునేటప్పుడు నేను అడిగింది ఒక్కటే ప్రశ్న, నెలకెంత? 15 ఏళ్ళకైతే నూటికి 1.01, ఇరవయ్యేళ్ళకి 0.90, ముప్పయ్యేళ్ళకి 0.80 అని చెప్పారు. మా ఆవిడ పక్కనే కూర్చుని "మొత్తం ఎంతవుతుందండీ?" అని అడిగింది. "మొత్తం ఎవరు కడతారే, నెలనెలా కట్టేదే కదా" అన్నాను నేను. నిజంగా అన్నాను, పైగా ఏదో తెలివైన మాటలా నవ్వుతూ అన్నాను. ఆవిడ ఆ మాట మూడేళ్ళు దాచిపెట్టుకుని సరిగ్గా ఆ రాత్రి బయటికి తీసింది. అప్పటి బ్రోచర్ వెనకాల తన చేత్తో వేసుకున్న లెక్క కూడా చూపించింది: 15 ఏళ్ళకి మొత్తం 183, ఇరవయ్యేళ్ళకి 216, ముప్పయ్యేళ్ళకి 290. నెలకి పదో వంతు తగ్గుతుందని పదేళ్ళు ఎక్కువ తీసుకుంటే, అదనంగా పోయేది తెచ్చుకున్న అప్పులో ముప్పావు వంతు. "ముందే చూపించొచ్చు కదా" అన్నాను. "మీరు నవ్వుతున్నారు కదా" అంది.

ఇవి కాక మిగతావి. ప్రాసెసింగ్ ఫీజు, కాగితాల ఖర్చు, ఇంటి పన్ను, కొన్న ఏడాదికే కారిన పైకప్పు, వాటి జోలికి పోను, ఇల్లున్న ప్రతివాడికీ ఉండేవే. ఒక్క బీమా గురించి మాత్రం చెప్పాలి. లోన్‌తో పాటు బీమా తీసుకోమన్నారు, ప్రీమియం ఒకేసారి కట్టాలన్నారు, నేను మొహం చిట్లించగానే "మీరు ఇప్పుడేం కట్టక్కర్లేదు సార్, లోన్‌లోనే కలిపేస్తాం" అన్నారు. ఎంత మంచివాళ్ళో అనుకున్నాను. అంటే ఆ ప్రీమియం కూడా ఇరవయ్యేళ్ళ అప్పే, అదీ తీరేసరికి రెండింతలు దాటుతుంది. నేను పోతే అప్పు తీర్చడానికని తీసుకున్న బీమాని నేను బతికుండి అప్పుమీద కడుతున్నాను.

మర్నాడు ఆఫీసులో చెప్పుకుంటే ఒక మిత్రుడు ఓదార్చాడు. "పదిహేనేళ్ళు పోతే జీతాలు పెరుగుతాయి, ధరలు పెరుగుతాయి, ఈ ఈఎంఐ నీకు చిల్లరలా కనిపిస్తుంది, టెన్షన్ పడకు" అన్నాడు. అదీ నిజమే, కాదనను. కానీ నేను దాని దగ్గరికి వెళ్తున్నకొద్దీ అది వెనక్కి జరుగుతుంటే ఆ పదిహేనేళ్ళు ఎప్పటికి పోతాయి?

వారం తర్వాత మళ్ళీ వెళ్ళాను. ఈసారి ఒక్కణ్ణే కాదు, మా ఆవిడతో. టోకెన్ తనే తీసుకుంది, కుర్చీలో తనే ముందు కూర్చుంది. "కాలం పెంచకుండా, పాత తేదీకే తీరేలా వాయిదా పెంచితే ఎంతవుతుందమ్మా?" అని అడిగింది. ఆ అమ్మాయి లెక్క వేసి, నూటికి ఆరున్నర పెరుగుతుందంది. అంతే. ఆ ఆరున్నర ఇప్పట్నుంచి కట్టుకుంటే 41 నెలలు ఆగిపోతాయి, మొత్తం మీద మిగిలేది మొదట తెచ్చుకున్న అప్పులో పావు వంతు.

"ఈ వీలుందని మొదట్లోనే చెప్పలేదేం?" అన్నాను.

"లెటర్‌లో ఉంది సార్. మూడో వాక్యం."

మా ఆవిడ నావైపు చూడలేదు. చూస్తే బాగుండేది.

తర్వాత బోనస్ సంగతి. నూటికి ఒకటి అసలులో వేస్తే ఏమవుతుందని అడిగితే, వాయిదా పాతదే ఉంచితే 246 కాస్తా 237 అవుతుందంది. ఒకటీ పావు వాయిదా కూడా కాని డబ్బుకి ఎనిమిది నెలలు పైనే ఎగిరిపోతాయన్నమాట! మూడేళ్ళుగా నెలకో గడి కొట్టుకుంటూ వచ్చినవాడికి ఇది గారడీలాగే అనిపిస్తుంది. కట్టేశాం. కట్టగానే ఆ అమ్మాయి అడిగింది, "దీనికి వాయిదా తగ్గించమంటారా సార్, కాలం తగ్గించమంటారా?"

నా నోట్లో "వాయి" దాకా వచ్చేసింది. అలవాటు. టేబుల్ కింద కాలు తొక్కిన నొప్పికి మిగతా మాట లోపలే ఉండిపోయింది. "కాలం" అంది మా ఆవిడ. వాయిదా పెంచే కాగితం మీద కూడా సంతకం పెట్టేశాం.

ఇంటికొచ్చి చూస్తే మా అమ్మాయి బీరువా ముందు స్కేలుతో కూర్చుంది. 36 కొట్టేశాక మిగిలింది 246 కదా, మొత్తం 282 అని ఎవరో చెప్పారట, ఆ ఎవరో నేనే. తలుపు మీద చోటు చాలక బీరువా పక్కగోడ మీదికి గళ్ళు పాకిస్తోంది, అప్పటికే రెండు వరసలు గీసేసింది. వద్దమ్మా, మళ్ళీ తగ్గాయి అంటే చిరాకు పడింది. "నాన్నా, నువ్వు ఒక అంకె మీద నిలబడు" అంది. పెన్సిల్ గళ్ళు చెరిపేసింది గానీ ఎర్ర పెన్నువి 36 పోలేదు, అలాగే ఉన్నాయి.

వాటి పక్కన ఈసారి తనే కొత్త పట్టిక గీసింది. నెలలు కాదు, పదికి పది, వంద గళ్ళు, అప్పులో తీరిన ప్రతి ఒక శాతానికి ఒకటి. ఏడు గళ్ళు నిండుగా నీలం రంగు వేసింది, ఎనిమిదో దానిలో ఓ మూల కొంచెం. అందులో ఒక గడి మొత్తం ఆ ఒక్కరోజుదే, బోనస్‌ది.

మొన్న ఫోన్‌కి మెసేజ్ వచ్చింది, ఈఎంఐ కట్ అయిందని, పెరిగిన అంకెతో. అమ్మాయి రంగు పెన్సిల్ పట్టుకుని పరిగెత్తుకొచ్చింది.

"ఈ నెల ఎంత వెయ్యాలి నాన్నా?"

స్టేట్‌మెంట్ చూశాను. 0.18.

"గడిలో అయిదో వంతు... అంత కూడా కాదమ్మా, కొంచెం తక్కువ."

తను పెన్సిల్‌ని ఒకసారి చూసుకుని, వెనక్కి వెళ్ళి, చెక్కుకుని వచ్చింది. ఎనిమిదో గడిలో పాత రంగుని ఆనుకుని, నాలిక బయటపెట్టి, ఊపిరి బిగబట్టి, సన్నగా కొంచెం వేసింది.

"ఏదీ?" అంది మా ఆవిడ, కళ్ళజోడు సవరించుకుంటూ.