దర్యాప్తుకు తొందరేమిటి?

పోలీసు దర్యాప్తులు ఏళ్ల తరబడి సాగుతున్నాయని న్యాయస్థానాలు పదే పదే ఆక్షేపించడం సమంజసం కాదని సవినయంగా మనవి చేయవలసి వస్తోంది. అత్యాచారం వంటి కొన్ని నేరాలను మినహాయిస్తే, ‘అనవసర జాప్యం’ లేకుండా దర్యాప్తు ముగించాలని మాత్రమే పాత నేర విచారణ స్మృతి (సీఆర్‌పీసీ) 173వ సెక్షన్ చెప్పింది. దాని స్థానంలో 2024 జులై 1న అమలులోకి వచ్చిన భారతీయ నాగరిక్ సురక్షా సంహిత 193వ సెక్షన్ కూడా ఆ మాటే చెబుతోంది. అవసరమైన జాప్యాన్ని రెండూ నిషేధించలేదు. ఏది అవసరమో స్టేషన్‌లో కూర్చున్నవారికి తెలిసినంతగా బెంచి మీద కూర్చున్నవారికి ఎలా తెలుస్తుంది?

నిందితుడు జైల్లో ఉండగా, నేరాన్ని బట్టి 60 లేదా 90 రోజుల్లో ఛార్జిషీటు వేయకపోతే అతడికి బెయిలు హక్కుగా దక్కుతుందన్నది నిజమే. అయితే అరెస్టే చేయకపోతే ఆ లెక్క మొదలే కాదు గనుక, నిందితుణ్ని ఊళ్లో తిరగనిచ్చి రికార్డులో మాత్రం ‘పరారీలో ఉన్నాడు’ అని రాసుకునే దూరదృష్టిని మెచ్చుకోవలసింది పోయి తప్పుపడుతున్నారు. ఫిర్యాదుదారుకు 90 రోజుల్లోగా పురోగతి తెలపాలని కొత్త చట్టం కోరితే, ‘దర్యాప్తు కొనసాగుతోంది’ అని ఫోనుకు ఒక సందేశం పంపి ఆ ముచ్చటా తీరుస్తున్నారు.

ఇక కోర్టుల పర్యవేక్షణ సంగతి. ఒక్క ఉత్తర్వుతో ఊరుకోకుండా ఎప్పటికప్పుడు నివేదికలు తెప్పించుకుంటూ దర్యాప్తును నడిపించే పద్ధతిని 1997 నాటి వినీత్ నారాయణ్ తీర్పులో సుప్రీంకోర్టు స్థిరపరచింది. దర్యాప్తు సక్రమంగా సాగేలా చూసే అధికారం మేజిస్ట్రేటుకూ ఉందని 2007లో సాకిరి వాసు కేసులో చెప్పింది. దీనివల్ల, దర్యాప్తు ఎంతవరకు వచ్చిందో కోర్టుకు చెప్పే స్టేటస్ రిపోర్టు అనే సాహిత్య ప్రక్రియకు మహర్దశ పట్టింది. వాయిదాకు ముందురోజు సాయంత్రం స్టేషన్ కంప్యూటర్‌లో పాత రిపోర్టు తెరుస్తారు, తేదీ మారుస్తారు, విచారించాల్సిన సాక్షులు ఇద్దరని ఉన్నచోట ముగ్గురని దిద్దుతారు, ఫోరెన్సిక్ ల్యాబ్ నుంచి నివేదిక రావాల్సి ఉందన్న పేరాను మాత్రం భద్రంగా అలాగే ఉంచుతారు. ఆపైన సీల్డ్ కవర్, లక్క ముద్ర. లోపల ఏముందో ఫిర్యాదుదారుకు తెలియనివ్వరు. ఏమీ లేదన్నదే అన్నిటికన్నా గోప్యమైన విషయం కదా!

దర్యాప్తు కీలక దశలో ఉందని ప్రభుత్వ న్యాయవాది గంభీరంగా సెలవిస్తారు. కోర్టు తీవ్ర అసంతృప్తి వ్యక్తం చేసి, ఇదే చివరి అవకాశమని హెచ్చరించి, నాలుగు వారాలు గడువిస్తుంది. ఆ నాలుగు వారాల్లో దర్యాప్తు అధికారి బదిలీ అవుతారు. కొత్తగా వచ్చినవారు కేసు డైరీ చదువుకోవాలి గనుక, మరో చివరి అవకాశం న్యాయంగా వారికీ రావాలి. అందరూ శ్రమిస్తూనే ఉన్నారు. దర్యాప్తు చేసే తీరిక ఒక్కటే ఎవరికీ చిక్కడం లేదు.

ఛార్జిషీటు దాఖలైతే ఈ పర్యవేక్షణ ముగిసిపోతుందని కూడా వినీత్ నారాయణ్ తీర్పే చెప్పింది. ఉన్నత న్యాయస్థానపు మార్గదర్శకత్వం వాయిదా వాయిదాకూ ఇంత చేరువలో లభిస్తుండగా, దాన్ని తమ చేతులతో తామే తెంచుకునేంత కృతఘ్నులు మన దర్యాప్తు అధికారులు కారు.