అమెరికా డబ్బా, కడప నమ్మకం

కడప ఏడురోడ్ల దగ్గర ఏ మందుల షాపులో నిలబడినా ఈ మధ్య ఒక ప్రశ్న చెవిన పడుతోంది. "అన్నా, ఇది మందా, తినే వస్తువా?" పదేళ్ల కిందట ఈ మాట అడిగినవాళ్లు అరుదు. డబ్బా మీద కండలు తిరిగిన కుర్రాడో, తెల్లకోటు వేసుకున్న మనిషో ఉంటే చాలు, డబ్బు తీసి ఇచ్చేవాళ్లు. ఇప్పుడు ప్రొటీన్ పొడి డబ్బాను వెనక్కి తిప్పి చదువుతున్నారు. దేశ ఆహార భద్రతా సంస్థ ఎఫ్ఎస్ఎస్ఏఐ ఇచ్చే 14 అంకెల నంబరు ఉంటే అది ఆహారం కిందికి వస్తుందని, మందైతే డ్రగ్ లైసెన్సు నంబరు ఉండాలని డిగ్రీ చదివే పిల్లలు ఇంట్లో పెద్దవాళ్లకు చెప్తున్నారు. నాకు ఇది చాలా సంతోషం కలిగించే మార్పు.

ఈ అనుమానం ఊరికే రాలేదు. నల్లమల చెంచులు తెచ్చిన తేనె తిని పెరిగిన కర్నూలు వాళ్లకు సీసా తేనె రుచి తేడాగా ఉందని ఎప్పటినుంచో తెలుసు. 2020 డిసెంబరులో ఢిల్లీలోని సీఎస్ఈ అనే పర్యావరణ పరిశోధన సంస్థ 22 తేనె నమూనాలు పరీక్ష చేయిస్తే అన్ని పరీక్షలూ దాటినవి 5 మాత్రమే. 2023లో ఒక కుర్రాడు బోర్న్‌విటాలో చక్కెర ఎంతుందో వీడియో చేశాడు. లీగల్ నోటీసు రాగానే తీసేశాడు గానీ, మరుసటి ఏడాదికల్లా అలాంటి పానీయాలను 'హెల్త్ డ్రింకు' వరుసలో పెట్టి అమ్మొద్దని ఆన్‌లైన్ దుకాణాలకు కేంద్రమే చెప్పింది. 2024లోనే కేరళ డాక్టరు ఒకాయన బృందం 36 రకాల ప్రొటీన్ పొడులు పరీక్షిస్తే నూటికి 70 వంతుల డబ్బాల మీద రాసిన ప్రొటీన్ లెక్క తప్పని తేలింది. పతంజలి ప్రకటనల వ్యవహారం సుప్రీంకోర్టులో క్షమాపణల దాకా పోయింది. ఇవన్నీ టీవీలో చూసిన మనిషి డబ్బా తిప్పి చూడక ఏం చేస్తాడు?

కానీ అదే మనిషి, అదే ఇల్లు. కొడుకు న్యూజెర్సీ నుంచి దిగి సూట్‌కేసు తెరిస్తే అందులోని డబ్బాలను ఎవరూ వెనక్కి తిప్పరు. "మావోడు అమెరికా నుంచి తెచ్చినాడప్పా. ఆడ అన్నీ టెస్టు చేసినాకనే అమ్ముతారంట." ప్రొద్దుటూరులో, పులివెందులలో, తాడిపత్రిలో ఈ మాట వినని ప్రవాసి ఉండడు. ఆ 'అంట' ఎక్కడి నుంచి వచ్చిందంటే అమెరికాలో ఉన్న మన ప్రవాసుల దగ్గరి నుంచే. నా వాదన ఇదొక్కటే: ఊళ్లో జనం కొత్తగా నేర్చుకున్న అనుమానానికి గండి కొడుతున్నది మన సూట్‌కేసు. ఏ ప్రభుత్వమూ వేయని ముద్ర ఆ డబ్బాల మీద మనం వేస్తున్నాం, అదీ జీతం లేకుండా.

అమెరికాలో అన్నీ టెస్టు చేశాకే అమ్ముతారన్నది మందుల వరకు నిజం. విటమిన్లు, మూలికల మాత్రలు, గమ్మీలు, పొడులు ఇవన్నీ 1994లో వచ్చిన డీఎస్‌హెచ్ఈఏ అనే చట్టం కిందికి వస్తాయి. ఆ చట్టం ప్రకారం ఇవి ఆహారంలో ఒక రకం. అమ్మే ముందు ఇవి పనిచేస్తాయని గానీ, హాని చేయవని గానీ అక్కడి ఆహార, మందుల నియంత్రణ సంస్థ ఎఫ్‌డీఏ దగ్గర ఆమోదం తీసుకోనక్కర్లేదు. అంతకు ముందు వాడుకలో లేని పదార్థమైతే 75 రోజుల ముందు తెలియజేయాలి, అంతే. 'కీళ్ల ఆరోగ్యానికి తోడ్పడుతుంది' లాంటి మాట డబ్బా మీద వేసుకుంటే, సరుకు బజారులోకి వచ్చిన 30 రోజుల లోపల ఎఫ్‌డీఏకు ఒక ఉత్తరం రాస్తే సరిపోతుంది. ఆ మాటకింద చిన్న అక్షరాల్లో ఇంకో వాక్యం తప్పనిసరి: దీన్ని ఎఫ్‌డీఏ పరిశీలించలేదు, ఏ రోగాన్నీ గుర్తించడానికీ నయం చేయడానికీ రాకుండా ఆపడానికీ ఈ వస్తువు కాదు. అంటే పరీక్ష చేయలేదన్న సంగతి డబ్బా మీదే అచ్చయి ఉంది. మనం దాన్ని అమ్మానాన్నలకు చదివి వినిపించం.

ఇక 'ఎఫ్‌డీఏ రిజిస్టర్డ్' అన్న ముక్క. ఫ్యాక్టరీ పేరు, అడ్రసు నమోదు చేసుకున్నారని దాని అర్థం. సరుకును ఎవరో చూసి బాగుందన్నారని కాదు. ప్రమాదం బయటపడ్డాక ఎఫ్‌డీఏ కదులుతుంది, అదీ తాపీగా. బరువు తగ్గడానికని అమ్మిన ఎఫెడ్రా అనే మూలిక వల్ల గుండెపోట్లు, మరణాలు నమోదవుతూనే ఉన్నా నిషేధం రావడానికి 2004 దాకా పట్టింది.

సూట్‌కేసులో అన్నిటికంటే బరువైన డబ్బా మోకాళ్లది. గ్లూకోసమైన్, కాండ్రాయిటిన్. చేలో నడుములు వంచి పనిచేసిన మన పెద్దవాళ్లకు మోకాళ్ల నొప్పులు లేని ఇల్లుందా? అందుకే అది మొదటి కానుక. అమెరికా ప్రభుత్వ డబ్బుతోనే 1583 మంది మీద చేసిన పెద్ద పరీక్ష ఫలితం 2006లో వచ్చింది. మొత్తం మీద చూస్తే ఉత్తుత్తి మాత్ర కంటే అవి మెరుగ్గా పనిచేసిన దాఖలా లేదు. డబ్బు దండగ అనుకుని వదిలేయొచ్చు గానీ, గుండె కవాటం మార్పించుకుని రక్తం పలచబడే వార్ఫరిన్ వాడే పెద్దాయన ఇది మింగితే రక్తస్రావం ప్రమాదం పెరగొచ్చు. ఆయన కడప డాక్టరుకు ఈ డబ్బా సంగతి చెప్పడు. దాచాలని కాదు, అది ఆయన లెక్కలో మందే కాదు, కొడుకు తెచ్చిన బలం. నొప్పి నిజంగా చప్పున తగ్గితే ఇంకా భయపడాలి: 2022లో ఆర్ట్రీ కింగ్ అనే కీళ్ల మాత్రలను ఎఫ్‌డీఏ పరీక్షిస్తే లేబులు మీద లేని డైక్లోఫెనాక్ అనే నొప్పి మందు, డెక్సామెథసోన్ అనే స్టెరాయిడు బయటపడ్డాయి. స్టెరాయిడు కలిపిన నొప్పుల పొడి అనగానే మనకు ఊళ్లో చెట్టు కింద వైద్యుడే గుర్తొస్తాడు. ఆ పని అమెరికాలో అమ్మిన సీసాలోనూ జరిగింది.

జుట్టుకూ గోళ్లకూ అని చెల్లెళ్లకు, మరదళ్లకు పట్టుకెళ్లే గమ్మీల్లో బయోటిన్ అనే విటమిన్ మోతాదు విపరీతం. అది రక్తంలో ఉండగా చేసిన కొన్ని థైరాయిడ్ పరీక్షలు, గుండెపోటును పట్టే ట్రోపోనిన్ పరీక్ష తప్పు చూపించవచ్చని ఎఫ్‌డీఏ 2017లో హెచ్చరించింది. కర్నూలు ల్యాబులో రిపోర్టు తేడాగా వస్తే ల్యాబునే తిడతారు. గమ్మీ మీదికి ఎవరి చూపూ పోదు.

అన్నీ దండగే అంటే అదీ అబద్ధమే. షుగరుకు ఏళ్ల తరబడి మెట్‌ఫార్మిన్ వాడేవాళ్లలో బీ12 తగ్గడం నిజం, శాకాహారులైతే మరీను. గర్భిణికి ఫోలిక్ యాసిడ్, ఐరన్ కావాల్సిందే. కానీ వీటికి అమెరికా డబ్బా అవసరమేముంది? బీ12 రక్తపరీక్ష అనంతపురంలోనే అవుతుంది, మాత్ర అక్కడే దొరుకుతుంది, తక్కువకే. సూట్‌కేసులో చోటుంటే మంచి బీపీ మిషను పెట్టుకుపోండి, పాదాలకు పట్టే మెత్తటి బూట్లు పెట్టుకుపోండి. షుగరు మనిషి కాలికి పుండు పడకుండా చూసే బూటు ముందు ఏ గమ్మీ నిలవదు.

ఇండియా చట్టం మెరుగా అంటే, కాగితం మీద చాలా మెరుగు. 1954 నాటి డ్రగ్స్ అండ్ మ్యాజిక్ రెమెడీస్ చట్టం చూడండి. షుగరు, రక్తపోటు, కీళ్లవాతం, స్థూలకాయం, చివరికి మనిషి ఎత్తు పెంచడం కూడా ఆ జాబితాలో ఉన్నాయి. వీటిని నయం చేస్తామని ప్రకటన వేస్తే మొదటిసారికి ఆరు నెలల దాకా జైలు. ఆ లెక్కన మన బస్టాండు గోడలన్నీ జైల్లో ఉండాలి. ఆయుర్వేద, సిద్ధ, యునాని మందుల ప్రకటనలకు ముందస్తు అనుమతి ఉండాలని 2018లో 170వ నియమం తెచ్చారు. 2024 జులైలో ఆయుష్ శాఖ దాన్ని తొలగించింది, ఆగస్టులో సుప్రీంకోర్టు ఆ తొలగింపును ఆపింది, 2025 ఆగస్టులో కేసు ముగించి స్టే ఎత్తేసింది. నియమాలు ఇలా వస్తూ పోతూ ఉంటే ఇన్‌స్పెక్టరు దేన్ని పట్టుకుని దాడి చేయాలి?

కర్నూలు మాత్రం ఒకసారి దేశమంతా తనవైపు చూసేలా చేసింది. 2014 మే నెలలో, సభ్యుల గొలుసు ద్వారా సరుకులు అమ్మే ఆమ్వే ఇండియా అధిపతిని కర్నూలు పోలీసులు గుర్‌గావ్ దాకా పోయి అరెస్టు చేసి తీసుకొచ్చారు. ఆరోపణ గొలుసుకట్టు డబ్బు గురించి; 1978 నాటి మనీ సర్క్యులేషన్ నిషేధ చట్టం కింద. ఆయన బెయిలు మీద బయటికొచ్చాడు, వ్యాపార సంఘాలు గగ్గోలు పెట్టాయి, 2016లో మార్గదర్శకాలు, 2021లో డైరెక్ట్ సెల్లింగ్ నియమాలు వచ్చాయి. నాకు ఆసక్తి కలిగించేది వేరే. ఆ గొడవంతా గొలుసులో ఎవరికి ఎంత ముట్టింది అన్నదాని చుట్టే తిరిగింది. ఇలాంటి గొలుసుల్లో చేతులు మారే పొడులూ మాత్రలూ ఒంటికి ఏం చేస్తాయన్నది చర్చకే రాలేదు. డబ్బు పోతే పోలీసు స్టేషను ఉంది. లివరు పోతే ఎవరి దగ్గరికి పోవాలో ఇవాళ్టికీ తెలియదు.

అనుమానం ఎలా ఉండాలో చూపించింది హైదరాబాదు పిల్లల డాక్టరు శివరంజని సంతోష్ గారు. సీమలో ఎండాకాలం ఎలా ఉంటుందో చెప్పక్కర్లేదు. వాంతులు, విరేచనాలతో పిల్లవాడు వాడిపోతే షాపుకు పరుగెత్తి ఓఆర్ఎస్ అడుగుతారు. ఆ పేరుతోనే రంగు డబ్బాల్లో తియ్యటి పానీయాలు అదే అరలో ఉండేవి. ప్రపంచ ఆరోగ్య సంస్థ చెప్పిన ఓఆర్ఎస్‌లో లీటరుకు గ్లూకోజు 13.5 గ్రాములు, వాటిలో చక్కెర దానికి ఎన్నో రెట్లు. అంత చక్కెర పోస్తే విరేచనాలు ఇంకా ఎక్కువవుతాయి. ఆమె ఎనిమిదేళ్లు ఆ ఒక్క పేరు మీదే కూర్చున్నారు. 2022 ఏప్రిల్‌లో ఎఫ్ఎస్ఎస్ఏఐ ఆ పేరు వాడొద్దంది, జులైకల్లా కింద చిన్న గమనిక రాసుకుంటే చాలని మెత్తబడింది. మళ్లీ పట్టు విడవకపోతే 2025 అక్టోబరు 14న ఆ సడలింపు రద్దయింది. ప్రపంచంలో కంపెనీలన్నీ మోసమే అని ఆమె ఎక్కడా అనలేదు. ఈ డబ్బా మీద ఈ మాట ఉండకూడదు అన్నారు, అక్కడే నిలబడ్డారు. మన వాట్సాప్ గ్రూపుల్లో అనుమానం వేరే దారి పట్టింది. పొద్దున ఒక కంపెనీని తిట్టిన మనిషే సాయంత్రం 'డాక్టర్లు మీకు చెప్పని రహస్యం' అంటూ ఇంకో పొడి లింకు పంపుతాడు.

తిరుగుదారిలో వచ్చేవి కూడా ఉన్నాయి. మైదుకూరు చేలల్లో పండి కడప మార్కెట్ యార్డులో రాశులు పడే పసుపు లాంటిదే అమెరికాలో గొట్టం మాత్రల్లోకి (క్యాప్సూళ్లలోకి) ఎక్కి నలభై డాలర్ల సీసా అవుతోంది. మన పసుపే కదా, ఏమవుతుందిలే అనుకుంటాం. పప్పులో వేసే పసుపులో కుర్‌క్యుమిన్ అనే పదార్థం నూటికి మూడు పాళ్ల చొప్పున ఉంటుంది. గొట్టంలో దాన్ని పిండి 95 పాళ్లకు తెస్తారు, ఒంటికి బాగా పట్టాలని మిరియాల సారం కలుపుతారు. అలాంటి మాత్రలతో లివరు దెబ్బతిన్న పది కేసులను అమెరికా పరిశోధకులు 2022లో వివరంగా రాశారు. అనంతపురం జిల్లాలో రైతులు వేసే అశ్వగంధను డెన్మార్క్ 2023లో నిషేధించింది. ఆ నిషేధం సబబా కాదా అని వాదించొచ్చు. మన మొక్క కాబట్టి ప్రశ్న వద్దంటే మాత్రం కుదరదు. బోస్టన్ చుట్టుపక్కల దుకాణాల్లో కొన్న 70 ఆయుర్వేద సరుకుల్లో 14 వాటిలో సీసం, పాదరసం, ఆర్సెనిక్ లాంటివి దొరికాయని 2004లో ఒక పరిశోధన చెప్పింది. ఆ దుకాణాలు మనం ఉగాదికి వేపపువ్వు కొనుక్కునే దుకాణాల్లాంటివే.

ఇదంతా ఈ పత్రికలో ఎందుకు రాస్తున్నానంటే, అమెరికాలోని మన తెలుగు సంఘాలు కూడా ఆ ముద్ర వేసేవాళ్లలో ఉన్నాయి కాబట్టి. మహాసభల్లో నగల స్టాలు, ప్లాట్ల స్టాలు దాటితే వరసగా ఆరోగ్యం అమ్మే స్టాళ్లే. వెల్‌నెస్ సెషన్లో మాట్లాడిన వక్త బయటికొచ్చి తన స్టాలులో కూర్చుంటాడు. ఆయనకు ఆ సరుకులో వాటా ఉందని వేదిక మీద ఎవరూ చెప్పరు. అమ్మానాన్నలు వీసా మీద వచ్చి ఆ సభలకు వస్తారు. సంఘం జెండా కింద కొన్న డబ్బా కడపకు పోయి 'తెలుగు సంఘం వాళ్లే పెట్టినారు' అన్న పేరుతో ఇంకో నాలుగిళ్లకు పాకుతుంది.

కాబట్టి కార్యవర్గానికి ఒక సూటి ప్రతిపాదన. ఆహార సప్లిమెంటు అమ్మే ఎవరైనా స్టాలు కావాలన్నా, ఈ పత్రికలో పేజీ కావాలన్నా, సరుకును పరీక్షించే బయటి సంస్థలు యూఎస్‌పీ లేదా ఎన్ఎస్ఎఫ్ ముద్ర చూపించాలి. అది లేకపోతే సొంతం కాని ల్యాబు ఆ బ్యాచికి ఇచ్చిన పరీక్ష కాగితం ఇవ్వాలి. ఆ ముద్రలు కూడా సరుకు రోగాన్ని తగ్గిస్తుందని చెప్పవు, లేబులు మీద రాసిందే లోపల ఉందని చెప్తాయి. ఇవాళ్టికి అదే పదివేలు. ప్రకటనలో రోగం పేరు ఉంటే వెనక్కి పంపాలి. వక్త అమ్మకందారైతే పరిచయ వాక్యంలోనే ఆ సంగతి చెప్పాలి.

స్పాన్సర్లు పోతారన్న మాట వస్తుందని తెలుసు. ఎవరు పోయారో, ఏ కాగితం చూపించలేక పోయారో సభ్యులకు చెప్పండి చాలు. స్టాలు ఖాళీగా ఉంటుందన్న బెంగ వద్దు. అంత అద్దె పెట్టుకోలేక ఏటా వెనక్కి తగ్గే ధర్మవరం పట్టుచీరల వాళ్లకు సగం ధరకు ఇవ్వండి.