సవరణ: కాలిఫోర్నియాలో గంజాయిని చట్టబద్ధంగా పొందే విధానం

కాలిఫోర్నియాలో డాక్టరు మందుచీటీ రాస్తే మందుల షాపులో గంజాయి ఇస్తారనీ, మనిషికి ఆరు మొక్కల చొప్పున ఇంట్లో పెంచుకోవచ్చనీ ఇంతకుముందు రాశాను. ఆ రెండూ తప్పు; చదివినవారు మన్నించాలి.

అమెరికా దేశమంతటికీ వర్తించే సమాఖ్య చట్టం అడ్డు వస్తుంది కాబట్టి అక్కడి వైద్యులు గంజాయిని మందుగా రాసివ్వరు, 1996 నాటి రాష్ట్ర చట్టం ప్రకారం సిఫారసు మాత్రమే చేస్తారు. అది ఉన్న 18 ఏళ్లు నిండిన రోగులు లైసెన్సు గల దుకాణంలో కొనుక్కోవచ్చు. 2016 నవంబరులో ఓటర్లు ఆమోదించిన చట్టంతో 21 ఏళ్లు నిండినవారికి ఆ సిఫారసు కూడా అక్కర్లేకుండా పోయింది. వయసు రుజువు చూపితే 28.5 గ్రాముల వరకు కొనవచ్చు. ఈ చట్టం చెప్పే ఆరు మొక్కలు మనిషికి కాదు, ఇంటికి. నలుగురు కలిసి అద్దెకున్నా ఆరే. లైసెన్సు దుకాణంలో అమ్మే పొట్లం మీద త్రికోణంలో ఆకు, ఆశ్చర్యార్థకం, కింద సీఏ అక్షరాలు ఉంటాయి.

అసలు ముందే చెప్పవలసిన మాట ఒకటి వదిలేశాను. అమెరికా పౌరసత్వం లేని మన పిల్లలకు ఈ రాష్ట్ర చట్టం రక్షణ ఇవ్వదు. వలస వ్యవహారాలు సమాఖ్య చట్టం కిందికి వస్తాయి కనుక, ఏ కేసూ శిక్షా లేకపోయినా, గంజాయి వాడానని అధికారి ఎదుట ఒప్పుకోవడమే వీసాకూ గ్రీన్ కార్డుకూ అడ్డు కావచ్చు.