75 లక్షల పురుగూ, పుచ్చిన దుంగా

తొలకరి పడిందంటే చాలు, వాట్సాప్‌లో ఆ మెసేజ్ మళ్లీ మొలుస్తుంది. ఈసారి పదో తరగతి బ్యాచ్ గ్రూపులో ఒకరు, అపార్ట్‌మెంట్ గ్రూపులో ఇంకొకరు, విడిగా మా బాబాయ్, అందరూ అదే పంపారు. నల్లగా మెరిసే పెంకు పురుగు, మూతి ముందు జింక కొమ్ముల్లా చీలిన రెండు దవడలు, పక్కన నోట్ల కట్టలు. కింద రాసింది క్లుప్తంగా ఇదీ: "దీని పేరు స్టాగ్ బీటిల్. ప్రపంచంలో అత్యంత ఖరీదైన పురుగు. ఒక్కటి 75 లక్షలు. మందుల్లో వాడతారు. ఇంట్లో ఉంటే లక్ష్మీ కటాక్షం. ఏడేళ్లు బతుకుతుంది. అడవికి వెళ్తే పుచ్చిన దుంగలు పగలగొట్టి చూడండి, ఆ చెట్టు ఎలాగూ పనికిరానిదే. పది మందికి షేర్ చేయండి."

చేశారు. సంతోషం. ఇప్పుడు ఇది కూడా చదవండి.

ముందు 75 లక్షల సంగతి. ఈ అంకె గాల్లోంచి పుట్టింది కాదు, అందుకే ఇంత గట్టిగా నిలబడింది. 1999లో టోక్యోలో ఒక షాపు ఓకువగాతా అనే జపాన్ జాతి స్టాగ్ బీటిల్‌ని సుమారు కోటి యెన్లకు అమ్మింది. పురుగు పొడవు 80 మిల్లీమీటర్లు. అప్పట్లో ఆ సైజు దొరకడం అపురూపం కాబట్టి ఆ ధర, కాబట్టే అది వార్త. కోటి యెన్లంటే ఆనాటికి దాదాపు 90 వేల డాలర్లు. ఆ డాలర్లని 2023 నాటి రూపాయి రేటుతో గుణించి చూడండి, 75 లక్షల దగ్గరే తేలుతుంది. అంటే ఒక్క దేశంలో, ఒక్క పురుగుకి, పాతికేళ్ల కిందట కుదిరిన బేరం. బాలాపూర్ లడ్డూ 2024 వేలంలో 30 లక్షలు దాటిందని మన వీధి చివర మిఠాయి కొట్టువాడు పని మానేసి కూర్చోడు కదా.

ఆ తర్వాత జపాన్‌లో ఏమైందో మెసేజ్ చెప్పదు. రంపపు పొట్టులో పుట్టగొడుగు బూజు పెంచి, దాన్ని సీసాల్లో నింపి, ఒక్కో సీసాలో ఒక్కో పిల్ల పురుగుని వదిలి ఇంట్లోనే పెంచడం జనం నేర్చుకున్నారు. పెద్ద సైజు పురుగులు వరసపెట్టి రావడం మొదలైంది. ధర కుప్పకూలింది. ఇప్పుడు అక్కడ మామూలు ఓకువగాతాని కొన్ని వేల యెన్లు పెట్టి పిల్లల కోసం కొంటారు. మన లెక్కలో మంచి చెప్పుల జత ఖరీదు.

మందులు. ఏ మందు? ఏ రోగానికి? ఎంత మోతాదు? రోమన్ల కాలంలో దీని దవడల్ని పసిపిల్లల మెడలో కట్టేవారని ఆనాటి రచయిత ప్లినీ రాశాడు. అది తాయెత్తు. తాయెత్తు ఫార్మసీలో దొరకదు.

లక్ష్మీ కటాక్షం. జర్మనీ పల్లెల్లో ఇదే పురుగు నిప్పు కణికలు దవడలతో పట్టుకొచ్చి పూరికప్పుల మీద పడేస్తుందని భయపడేవారట. ఇంటికి లక్ష్మిని తెస్తుందా, ఇల్లే తగలబెడుతుందా అనేది మీరూ జర్మన్లూ కూర్చుని తేల్చుకోండి.

ఏడేళ్లు బతకడం సగం నిజం. యూరప్ జాతి తీసుకుంటే మూడు నుంచి ఏడేళ్ల దాకా పిల్ల పురుగుగా నేల కింద, కుళ్లిన వేళ్లలో, మొదళ్లలో గడుపుతుంది. ఫొటోలో మెరుస్తున్నది దాని ఆఖరి అంకం. ఆ ఒక్క వేసవిలో గట్టి ఆహారం ముట్టదు, చెట్టు గాయాల్లోంచి కారే రసం నాకుతుంది, జత కడుతుంది, పోతుంది. ఓకువగాతా మాత్రం పెద్దయ్యాక కూడా కొన్నేళ్లు ఉంటుంది, అందుకే జపాన్‌లో పెంపుడు జంతువైంది. ఏదైతేనేం, అడవిలో పట్టుకుని అట్టపెట్టెలో వేసి బేరగాడి కోసం ఏడేళ్లు ఎదురుచూసే సరుకు కాదు.

ఇక అసలు వాక్యం. "పుచ్చిన దుంగలు పగలగొట్టి చూడండి, ఆ చెట్టు ఎలాగూ పనికిరానిదే." పై నాలుగూ చదివి నవ్వుకోవచ్చు. ఇక్కడ నాకు నవ్వు రావట్లేదు.

పుచ్చిన దుంగ ఇన్నాళ్లూ అడవిలో మిగిలిందంటే, అది ఎవరికీ అక్కర్లేదు కాబట్టే. కలపకి పనికిరాదు. పొయ్యిలో పెడితే పొగే గానీ మంట రాదు. కట్టెలకి వెళ్లే ఆడవాళ్లు ఎండుపుల్లలు ఏరుకుంటారు, నాని మెత్తబడిన మాను జోలికి పోరు. దానికి ధర లేకపోవడమే దానికి కాపలా. ఇప్పుడు మీరు దాని కడుపులో 75 లక్షలున్నాయని చాటింపు వేశారు. ఇన్నాళ్లూ గొడ్డలికి లేని పని కల్పించారు.

పగలగొడితే లోపల ఏముంటుందో చూడండి. బెరడు ఊడొస్తే కింద తెల్లటి బూజు దారాలు అల్లుకుని ఉంటాయి. కలప వేలితో నొక్కితే నలిగేంత మెత్తన, చెమ్మ చెమ్మగా. అందులో బొటనవేలంత పిల్ల పురుగు 'సి' ఆకారంలో ముడుచుకుని ఉంటుంది. నారింజ రంగు తల, తెల్లటి ఒళ్లు, వెనకవైపు చర్మం లోంచి నల్లగా కనిపించేది అది తిన్న కలపే. పచ్చి కలప దానికి అరగదు. బూజు ముందు నమిలి పెట్టాలి, అప్పుడే అది తినగలదు. స్టాగ్ బీటిల్ తల్లికి పొట్ట చివర చిన్న సంచి ఉంటుంది, అందులో ఈస్టు దాచుకుంటుంది. గుడ్లు పెట్టేచోట ఆ ఈస్టుని కూడా వదిలి వెళ్తుందని, కలపలోని చక్కెరల్ని పులియబెట్టేది అదేనని 2010లో జపాన్ పరిశోధకులు తేల్చారు. ఆ దుంగని రెండుగా చీల్చారనుకోండి. చెమ్మ ఆరిపోతుంది, బూజు చస్తుంది, పిల్ల పురుగుని చీమలు పీక్కుపోతాయి. మళ్లీ మూసి పెట్టినా అతకదు.

పోనీ ఇంకో దుంగ లేదా అంటారు. చెట్టు చచ్చాక ఆ మెత్తదనం రావడానికి ఏళ్లూ పూళ్లూ పడుతుంది. ఒక దుంగ పొడి అయిపోయేలోగా పురుగు ఎగిరి చేరగలిగే దూరంలో ఇంకోటి సరిగ్గా ఆ దశకి వచ్చి ఉండాలి. లేకపోతే అక్కడితో ఆ వంశం ఆఖరు. పైగా దుంగలో ఉన్నది ఒక్క స్టాగ్ బీటిల్ కాదు. బెరడుకీ కలపకీ మధ్య సందులో ఇమిడిపోయే బల్లపరుపు పురుగులు, పొడవాటి మీసాల పురుగులు, బూజునే తినేవి, వీటన్నిటినీ వేటాడేవి, అన్నీ అక్కడే. 2018లో అంతర్జాతీయ ప్రకృతి పరిరక్షణ సంస్థ ఐయూసీఎన్ యూరప్‌లో ఇలా చచ్చిన కలప మీద బతికే పెంకు పురుగుల్ని దాదాపు 700 జాతులు లెక్కలోకి తీసుకుంటే, అందులో 18 శాతం అంతరించే ప్రమాదంలో ఉన్నాయని తేలింది. ముసలి చెట్లు కొట్టేయడం, చచ్చిన మానులు 'శుభ్రం' చేయడం ముఖ్య కారణాలు. మన అడవులకి ఆ లెక్కయినా లేదు, గొడ్డలి మాత్రం రెడీ.

దుంగలు పగలగొడితే ఏమవుతుందో ఊహించుకోవక్కర్లేదు, జపాన్ చేసి చూపించింది. ఊళ్ల పక్కన బొగ్గు కోసం, కట్టెల కోసం మళ్లీ మళ్లీ నరికి చిగురించిన సింధూర (ఓక్) వనాల్లో, ఆ లావాటి మొదళ్ల తొర్రల్లో ఓకువగాతా ఉండేది. గ్యాస్ వచ్చాక ఆ వనాల్ని పట్టించుకునేవాళ్లు లేరు, చాలా చోట్ల అవి మాయమయ్యాయి. మిగిలినచోట, ధర చూసి ఆశపడ్డ వాళ్లు గొడ్డళ్లతో దిగి చచ్చిన మానుల్ని చీల్చి చీల్చి వెతికారు. ఇవాళ ఆ దేశ పర్యావరణ శాఖ రెడ్ లిస్టులో అది ప్రమాదంలో ఉన్న జాతి. ఇళ్లలో సీసాల నిండా ఉంది, అడవిలో అరుదైంది. బ్రిటన్ అయితే 1998లోనే అక్కడి స్టాగ్ బీటిల్‌ని అమ్మడం నేరమంది. దక్షిణ లండన్‌లో ఇల్లున్న మనవాళ్లు జూన్ సాయంత్రాల్లో ఎగురుతుంటే చూసే ఉంటారు. అక్కడ పెరట్లో కావాలని దుంగలు సగం పాతిపెడతారు. మనం సుత్తి పట్టుకెళ్లమంటున్నాం.

మళ్లీ మా బాబాయ్ దగ్గరికి. అమలాపురం దగ్గర కొబ్బరి తోట. మెసేజ్ వెనకాలే ఒక ఫొటో పెట్టారు. "ఒరేయ్, ఇదేనా? ఎంత రావచ్చంటావ్?" అది కొమ్ము పురుగు. "కాదు బాబాయ్. దీన్ని అమ్మలేం. ఇది మీ చెట్టు మొవ్వు తినేది" అన్నాను. స్టాగ్ బీటిల్‌కి ముందు రెండు దవడలు పట్టకారులా ఉంటాయి, దీనికి తల మీద ఒకే కొమ్ము. విప్పారిన ఆకు కత్తెరతో 'వి' ఆకారంలో కత్తిరించినట్టు ఉంటే ఇదే చేసిందని కొబ్బరి రైతు ఎవరైనా చెబుతాడు. మన దేశంలో స్టాగ్ బీటిల్స్ ప్రధానంగా హిమాలయాల్లో, ఈశాన్య రాష్ట్రాల్లో, పడమటి కనుమల్లో ఉన్నాయి. కోనసీమ పెంటకుప్పలో దొరికేది అది కాదు.

అయితే ఒకటి ఒప్పుకోవాలి. చచ్చిన మానుని వదిలేయొద్దు, పగలగొట్టేయండి అనే మాట కొబ్బరి తోట వరకూ కరెక్టే. తుఫానుకి పడ్డ కొబ్బరి మొద్దు కుళ్లిందంటే కొమ్ము పురుగు అందులో గుడ్లు పెడుతుంది, పక్క చెట్లకి ఎక్కుతుంది. అక్కడ మొద్దు తీసేయాల్సిందే, పెంటకుప్పలో ఆ పురుగుని చంపే మెటారైజియం అనే బూజు కలపాల్సిందే. నేను బాబాయ్‌తో ఆ మాటే చెప్పాను, ఆయనకి అది ముందే తెలుసు. దుంగలన్నీ వదిలేయమని ఎదురు మెసేజ్ ఎవరైనా తయారుచేస్తే దాన్నీ నమ్మకండి. కొబ్బరి తోట వేరు, మారేడుమిల్లి కొండ వేరు.

మారేడుమిల్లి అన్నాను కాబట్టి, "అడవికి వెళ్తే" అన్న ముక్క కూడా చూద్దాం. పాపికొండల నేషనల్ పార్కైనా, నల్లమలలోని టైగర్ రిజర్వైనా, అనుమతి లేకుండా పురుగుని తెచ్చినా వన్యప్రాణి చట్టం కింద కేసే. 2008లో డార్జిలింగ్ దగ్గర సింగలీలా నేషనల్ పార్కులో పురుగులు పట్టినందుకు ఇద్దరు చెక్ దేశస్థులు అరెస్టయ్యారు. అందులో ఒకరు సాక్షాత్తూ కీటక శాస్త్రవేత్త. ఆయనకి 20 వేల జరిమానా, రెండోవారికి 60 వేల జరిమానాతో పాటు మూడేళ్ల జైలు శిక్ష పడింది. రెండు తలల పాముకీ, రైస్ పుల్లింగ్ చెంబుకీ కనీసం కొంటానని వచ్చి అడ్వాన్స్ కొట్టేసేవాడు ఒకడుంటాడు. ఈ మెసేజ్‌లో వాడి నంబరు కూడా లేదు. మళ్లీ ఫార్వర్డ్ చేసేటప్పుడు 75 లక్షల పక్కన ఆ మూడేళ్లు కూడా రాసి పంపండి.