స్టేపుల్డన్ మీద మోపుతున్న మూడు మాటలు

ఇంగ్లండ్‌లోని డెవన్‌లో పుట్టి వేల్స్‌లో పనిచేసిన గడ్డి శాస్త్రవేత్త జార్జ్ స్టేపుల్డన్ (1882–1960) గురించి ఒక మాట తెగ తిరుగుతోంది: "ప్రయోగశాలలో ఒంటరిగా కొత్త గడ్డి సృష్టించాడు, బ్రిటన్‌లోని పాత పచ్చికలన్నీ దున్నించాడు, రసాయన ఎరువు మీద బతికే ఒంటి గడ్డి చేలకు ఆద్యుడు." కాస్త నిజం కలిసింది కాబట్టే ఇది ఇంత తేలిగ్గా చెల్లిపోతోంది.

ముందు "సృష్టించాడు" అన్న మాట చూద్దాం. 1912లో వేల్స్‌లోని ఆబరిస్ట్‌విత్ పట్టణానికి వ్యవసాయ సలహాదారుగా వచ్చిన ఆయన కొండలెక్కి, ఏ బీట్లో ఏ గడ్డి మొలిచిందో లెక్క కట్టిన మనిషి. అప్పట్లో అంగట్లో దొరికే రైగ్రాస్ అనే మేతగడ్డితో చిక్కేమిటంటే, విత్తనం అమ్మేవాడికి కావలసింది గింజే. త్వరగా వెన్ను తీసి గింజ ఎక్కువిచ్చే మొక్కలే ఏటేటా విత్తనానికి మిగిలేవి. అవి పొలంలో కాడ తప్ప ఆకు లేక, రెండు మూడేళ్లకే పలచబడేవి. ఏళ్ల తరబడి గొర్రెలు మేసిన పాత పచ్చికల్లో ఇందుకు తలకిందులు. తల ఎత్తిన వెన్నును గొర్రెలు కొరికేస్తాయి గనక, నేలబారుగా పిలకలు వేసి ఆలస్యంగా పూసేవే అక్కడ నిలిచాయి. ఎంపిక చేసింది గొర్రెల మందే అన్నమాట! ఆ మొక్కల్ని ఏరి, పెంచి, వడపోయగా వచ్చిందే ఎస్23 అనే రైగ్రాస్ రకం. అదీ ఒంటరి పని కాదు. 1919లో మొదలైన వెల్ష్ ప్లాంట్ బ్రీడింగ్ స్టేషన్ అనే మొక్కల ప్రజనన కేంద్రానికి స్టేపుల్డన్ తొలి డైరెక్టరే గానీ, రైగ్రాస్ పని ప్రధానంగా టి.జె. జెన్కిన్‌ది. 1942లో ఆ కుర్చీ కూడా జెన్కిన్‌కే వచ్చింది.

దున్నమన్నాడా? అన్నాడు. అయితే శాశ్వతంగా ఒకే గడ్డి వేయడానికి కాదు. కొన్నేళ్లు గడ్డి, క్లోవర్ అనే పప్పుజాతి మేతమొక్క, ఆపైన దున్ని గింజ పంటలు, మళ్లీ గడ్డి. వేళ్లూ పేడా కూడబెట్టిన సత్తువను గోధుమ వాడుకుంటుంది. ఈ ఆలోచన ఆయన సొంతం కూడా కాదు, స్కాట్లాండ్ సరిహద్దులో రాబర్ట్ ఎలియట్ 19వ శతాబ్దంలోనే ఆచరించి చూపాడు. రెండో ప్రపంచ యుద్ధంలో లక్షల ఎకరాలు దున్నించింది తిండిగింజల కోసం ప్రభుత్వం.

ఇక ఎరువు. కొండల మీద ఆయన సున్నం, భాస్వరం వేయించిన మాట నిజం. భాస్వరం లేని, ఆమ్లగుణమున్న పుల్లనేలలో క్లోవర్ నిలవదు. అది నిలిచిందా, వేళ్ల బొడిపెల్లోని సూక్ష్మజీవులే గాలి నుంచి నత్రజని పట్టి ఇస్తాయి, బస్తాతో పని తగ్గుతుంది. క్లోవర్‌ను పక్కన పెట్టి రైగ్రాస్‌కు నత్రజని గుమ్మరించే పద్ధతి యుద్ధం తరవాత చవక ఎరువుతో ఊపందుకుంది. అందుకు స్టేపుల్డన్ నడిపిన కేంద్రం రకాలే పనికొచ్చాయన్నది మాత్రం కాదనలేం.

అలాగని ఆయన్ని పూర్తిగా విడిచిపెట్టను. 1930ల నుంచి 1980ల దాకా ఇంగ్లండ్, వేల్స్ పల్లపు ప్రాంతాల్లో ఎరువు ఎరగని, పూలు పూసే పాత పచ్చికలు 97 శాతం మాయమయ్యాయి. దున్నమన్న గొంతుల్లో ఆయనది పెద్దదే, కాబట్టి అందులో ఆయనకూ వాటా ఉంది. తన కేంద్రపు రైగ్రాస్‌కు తల్లి మొక్కల్ని ఏరుకున్నది పాత పచ్చికల్లోంచేనని తలచుకుంటే, ఆ వాటా నాకు ఇంకాస్త బరువుగానే తోస్తుంది.