సవరణ: మడ అడవుల పునరుద్ధరణలో నాట్లు మొదటి పని కాదు

పాడైన మడ భూముల్లో స్థానికులు మొదట చేయాల్సింది వీలైనన్ని మొక్కలు నాటడమేననీ, సముద్రం వైపు ఖాళీగా కనిపించే బురద నేలలు అందుకు అనువైనవనీ గత పోస్టులో రాశాను. రెండూ తప్పే. తీర పర్యావరణ నిపుణుల మార్గదర్శకాలు, ముఖ్యంగా రాయ్ లూయిస్ 2005లో ప్రచురించిన వ్యాసం, ఇందుకు భిన్నంగా చెబుతున్నాయి: ఆటుపోట్ల రాకపోకలు సవ్యంగా ఉండి, పక్క అడవి నుంచి విత్తనాలు కొట్టుకొచ్చే దారి మూసుకుపోకపోతే, మడ అడవి 15 నుంచి 30 ఏళ్లలో తనంతట తానే కోలుకోగలదు.

మడ మొక్కలు సాధారణంగా సగటు సముద్ర మట్టానికి పైన, పోటు నీరు వచ్చి తిరిగి తీసే నేలలోనే నిలదొక్కుకుంటాయి. అంతకన్నా పల్లంలో నాటితే ఎక్కువసేపు మునిగి ఉండి వేర్లకు గాలి అందక చస్తాయి. పైగా ఆ బురద నేలలు తీరపక్షుల మేత స్థలాలు. కనుక ఒకప్పటి మడ భూముల్లో తవ్వి వదిలేసిన రొయ్యల చెరువుల్లోకి పోటు నీరు మళ్లీ వచ్చిపోయేలా ముందు గట్లకు గండ్లు కొట్టి, పూడిన కాలువలు తెరవాలి. పాత కాలువ ఎటు పారేదో చెప్పగలిగేది తరచుగా అక్కడి జాలరులే, నా దృష్టిలో వారి అసలు పాత్ర అదే. విత్తనాలు సహజంగా చేరని చోట మాత్రమే నాట్లు అవసరం.